సాలా అనకూడదు, ఇంకా అనాల

ఈవాళ పొద్దున్న రాజాం బస్టాండులో నిలబడి ఉండగా నా డిగ్రీ రిజల్టు వచ్చింది. ఫోన్లో ఆ పేజీ తెరుచుకోదు, తిరుగుతానే ఉన్నాది. ఆఖరికి తెరుచుకుంది. బీకాం పాస్! ఫస్ట్ క్లాసు! మా నాన్న వైపు చూడండి, మా అమ్మ వైపు చూడండి, సముద్రమూ చేపల గంపా తప్ప వేరేది ఎరగనోళ్ళు. కాలేజీ గేటు దాటిన మొదటి మనిషిని నేనే. గట్టిగా ఓ కేక వేసేద్దామని నోరు తెరిచేను. సరిగ్గా అప్పుడే రోడ్డు మీద ట్రాఫిక్ కానిస్టేబుల్ విజిల్ ఊదేడు.

నా నోరు మూసుకుపోయింది. కాళ్ళు రెండూ దగ్గరకి వచ్చేసేయి. ఎదురుగా చెరుకురసం బండి దగ్గర ఓ ముసలమ్మ నిలబడి ఉంటే, పోయి ఆవిడ వెనకాల లైన్లో నిలబడిపోయేను. "నీకేటమ్మా, పెద్ద గ్లాసా, సిన్నదా?" అని బండాయన అడిగేదాకా నాకే తెలీలేదు నేనక్కడ ఎందుకున్నానో. తాగేసేననుకోండి.

విజిల్ వినబడితే లైను. ఈ అలవాటు చేసింది మా మిలట్రీ తాత. ఆయన పోయి యేడాది దాటింది, నా కాళ్ళకి మాత్రం ఇంకా తెలీదు ఆయన పోయేడని. ఆ ముసలమ్మ వెనకాల నిలబడే నవ్వొచ్చింది నాకు, కళ్ళమ్మట నీళ్ళూ వచ్చేయి. ఈ రిజల్టు ముందు చెప్పాల్సింది ఆయనకే మరి.

తాత మిలట్రీలో ఏటి చేసేడో చెప్పాల. తుపాకీ కాదు, గరిటె పట్టేడు. వంటోడు. పటాలం ఎక్కడికి పోతే అక్కడికి, మంచుకొండల్లోకైనా ఇసుక ఎడారుల్లోకైనా, పొయ్యి మోసుకుని పోయినోడు. ఆయన మాకు చుట్టం కాదు, సముద్రమొడ్డు మా పల్లెకి లోపలగా, వరి పండే ఊరు ఆయనది. రిటైరై వచ్చేక వాళ్ళ ఊరి టీ కొట్టు దగ్గర ఆయన్ని రోజూ ఒకటే అడిగేవోరట.

"ఎంతమందిని కాల్సేవు మిలట్రీ?"

"రొట్టెలు కాల్సేనురా. మనుసుల్ని కాల్సలేదు."

వాళ్ళంతా నవ్వేవోరు. అందరికన్నా ఎక్కువ ఆయనే నవ్వేవోడు, ఆ తెల్ల మీసం రెండు చివర్లూ పైకి లేచిపోయేవి.

ఆ మీసం సంగతి కూడా చెప్పాల. లుంగీ కట్టి, కింద మిలట్రీ గుడ్డబూట్లు వేసుకుని, మెళ్ళో విజిల్ వేసుకుని తిరిగేవోడు. ఆయన దగ్గర మనిషి కూర్చోగలిగేంత పెద్ద గుండిగలు ఉండేవి. వంటయ్యేక వాటిని సముద్రం ఇసకతో తోమాల. తోమేక ఆయన వంగి, అడుగులోకి చూసి, మీసం దువ్వుకునేవోడు. మీసం కనబడితే గుండిగ పాసు. కనబడకపోతే "ఫిర్ సే" అనేవోడు. మళ్ళీ తోమాలన్నమాట.

"మాకు మీసాల్లేవు మావా, మేవేటి సూసుకోవాల?" అని నూకాలు పిన్ని అడిగింది ఒకపాలి.

"నా మీసమే సూసుకోండి. అందరికీ ఒక్కటే సాలు."

నేను ఎనిమిది చదువుతుండగా పెద్ద తుపాను వచ్చింది. మా బోట్లు ముక్కలై ఒడ్డుకొచ్చి పడ్డాయి. తెల్లారి చూస్తే ఈ మిలట్రీ ఎవరిదో ట్రాక్టరు మీద గుండిగలేసుకుని మా పల్లెకి దిగిపోయేడు. ఎవరూ రమ్మనలేదు. మూతబడిపోయిన ఐసు గోడౌనులో పొయ్యిలు పెట్టేడు, విజిల్ ఊది మమ్మల్ని లైన్లో నిలబెట్టేడు. నిలబడ్డాం. ఆకలి కదా. తీరా చూస్తే చేతిలో పడింది ఏటి? రొట్టె. రొట్టె మీద పప్పు.

మా నాన్న ఆ రొట్టెని అటూ ఇటూ తిప్పి చూసేడు.

"నాకేటి జొరమొచ్చిందేటి?"

పక్కనున్న ముసలాయనైతే దెబ్బలాటకే వెళ్ళిపోయేడు. "నాకు సుగరని నీకెవులు సెప్పేరు? నాకు సుగర్లేదు!"

మా పల్లెలో రొట్టె అంటే జొరమొచ్చినోడూ సుగరున్నోడూ తినేది. ఒంట్లో బాగున్నోడు ముట్టుకోడు. మిలట్రీకి ఆ సంగతి తెలీదు. ఆయన లోకంలో వరదొచ్చినా తుపానొచ్చినా రొట్టే. లైను లైనంతా రొట్టెలు చేత్తో పట్టుకుని ఆయన ముఖం చూస్తన్నారు. అప్పుడు మా అమ్మ చీర కొంగు బిగించి ముందుకొచ్చింది. మా అమ్మ అంటే గంప నెత్తిన పెట్టుకుని ఊరూరా చేపలమ్మిన మనిషి. బేరానికి గాని దెబ్బలాటకి గాని వెనకాడే రకం కాదు.

"ఓ మిలట్రీ మావా! జనం ఒల్లంతా తడిసి ఒణికిపోతంటే జొరం కూడెడతావేటి? సోడంబలి కాయి. గంజన్నం ఒండు. ఉల్లిపాయ కొయ్యి."

"రొట్టె బలం అమ్మీ."

"బలవైతే అయింది, నాలిక ఒప్పుకోవాల గదా!"

తాత మా అమ్మకేసి చూసేడు. అందరం కోపమొచ్చిందనుకున్నాం. ఆయన పెద్దగా విజిల్ ఊది, "ఆర్డర్ మారింది!" అని అరిచి, చేతిలో గరిటె తీసి మా అమ్మ చేతిలో పెట్టేసేడు. "నువ్వు సెప్పు. నేను పొయ్యి సూస్తాను."

మిలట్రీ తాత అంటే నాకు మొదట గుర్తొచ్చేది అదే. కట్టెలు ఎగదోస్తా, కళ్ళు ఎర్రగా చేసుకుని, మా అమ్మ చెప్పిన ఉప్పు వేసుకుంటన్న మనిషి.

ఆ గంజన్నం వడ్డించేటప్పుడే మాకు ఆయన రూలు తెలిసింది. నూకాలు పిన్ని గరిటె తిప్పుతా, "సాలా? సాలా?" అని అడుగుతా పోతంది. తాత ఒక్క పరుగున వచ్చి ఆవిడ పక్కన నిలబడ్డాడు.

"సాలా అనకూడదు. ఇంకా అనాల."

"రెండూ ఒకటే కాదేటి మావా?"

"కాదు."

ఎందుకు కాదో అప్పుడు చెప్పలేదు. తర్వాతెప్పుడో, గుండిగలు తోమే చోట కూర్చుని ఒక్కసారే చెప్పేడు. ఎక్కడో ఉత్తరాన వరదలొస్తే పటాలాన్ని పంపేరట. బడిలో జనం. ఈయన వడ్డిస్తన్నాడు. ఒక ముసలాయన పళ్ళెంలో కొంచెం వేసి "సాలా?" అని వాళ్ళ భాషలో అడిగేడట. ముసలాయన తలూపేడట, చాలు అని. తెల్లారి చూస్తే ఆ ముసలాయన ఖాళీ గుండిగలో చెయ్యి పెట్టి అడుగంటిన మాడు గోక్కుని తింటన్నాడట.

"ఆకలితో ఉన్నోడు సాలంటాడే గుంటా. సిగ్గు. మనం సాలా అంటే ఆడికి సాలు అనక తప్పదు. మనం ఇంకా అంటే ఆడు ఒద్దనొచ్చు, ఒద్దనకపోనూ వచ్చు. ఆడి ఇష్టం." అని లేచి లుంగీ దులుపుకున్నాడు. "పద, ఈ గుండిగ ఫిర్ సే."

తుపాను సాయం చేసినోళ్ళంతా కొన్నాళ్ళకి వెళ్ళిపోయేరు. తాత వెళ్ళలేదు. ఐసు గోడౌనులోనే మంచమేసేసుకున్నాడు. ఆయన బుర్రని ఒక ఆలోచన తొలిచేసేది. తుపానొచ్చినప్పుడల్లా బియ్యం ఎవరిస్తారా, పప్పు ఎవరిస్తారా అని ఎదురుచూడ్డం ఆయనకి నచ్చలేదు.

"తుపాను ఎప్పుడో వస్తాది. ఆకలి రోజూ వస్తాది. రోజూ ఒండి అమ్ముకుందాం. ఆ పొయ్యి ఆరకుండా ఉంటే, తుపాను రోజున ఎవుల్నీ అడక్కుండా పెట్టొచ్చు."

"ఎవులు కొంటారు మావా మన కూడు?" అన్నాది అమ్మ.

అప్పుడే భోగాపురంలో హైవే పనులు మొదలయ్యేయి, వాటి వెనకాల ఎయిర్‌పోర్టు పనులు. ఎక్కడెక్కడినుంచో కూలీలు దిగిపోయేరు. బీహారోళ్ళు, బెంగాలోళ్ళు, ఒరిస్సా కుర్రాళ్ళు. రేకుల షెడ్లలో పడుకుని, ఎవరికి తెలిసింది వాళ్ళు సగం ఉడికించుకుని తింటన్నారు. తాత అక్కడికి సైకిలేసుకుని వెళ్ళి, క్యాంపు చూసే సారుతో మాట్లాడొచ్చి, సంబరంతో ఇంతెత్తు ఎగిరేడు.

"ఇప్పుడు కావాల్సింది రొట్టె!"

మా ఆడోళ్ళకి రొట్టె నేర్పడం చూడాల్సిందే. మొదటి వారం అన్నీ ఆంధ్రా మ్యాపులే. నూకాలు పిన్ని రొట్టె కాల్చి, "ఇదేటి మావా, పీతలాగొచ్చింది, కాల్లు కూడా ఉన్నాయి" అని ఎత్తి చూపించేది. తాత ఆ పీతనే విరుచుకుని తినేవోడు. చేపలు చీల్చీ ఎండబెట్టీ అలవాటైన చేతులు, పిండి సంగతి పట్టీసేక ఆగలేదు.

ఇంక క్యాంపు సారు ఒక పూట వండి చూపించమన్న రోజు. మా అమ్మా వాళ్ళూ తాతకి చెప్పకుండా ఒక పని చేసేరు. దూరం నుంచి వచ్చిన పిల్లలు, మొదటిసారి మన చేతి కూడు తింటన్నారు, వట్టి పప్పు పెడితే మన మర్యాదేటని, ఇళ్ళల్లో దాచుకున్న మంచి ఎండుచేపలన్నీ తెచ్చి వంకాయేసి వండేసేరు. మూత తీసేరో లేదో, బీహారు కుర్రాళ్ళు ముక్కు మూసుకుని గాలి వచ్చే వైపుకి పరుగు. సారు కళ్ళజోడు తీసి కళ్ళు తుడుచుకుంటన్నాడు. అమ్మ ముఖం మాడిపోయింది. ప్రాణం పెట్టి వండింది కదా మరి.

తాత నవ్వడం మొదలెట్టేడు. నవ్వి నవ్వి అక్కడే కూలబడిపోయేడు.

"నేను మీకు రొట్టెలెట్టేను. మీరు ఈల్లకి ఎండుసేపలెట్టేరు. బాకీ సెల్లు!"

అయితే ఒరిస్సా కుర్రాళ్ళు మాత్రం కదల్లేదు. ఆ గుండిగ చుట్టూ కూర్చుని, కళ్ళు మూసుకుని తింటన్నారు. "ఇంకా?" అన్నాది అమ్మ, ఏడుపు ఆపుకుని. భాష రాపోయినా వాళ్ళందరి పళ్ళేలూ ముందుకొచ్చేసేయి. మిగతావోళ్ళకి రొట్టే పప్పూ పెట్టి పని దక్కించుకున్నాం. అప్పట్నుంచీ రెండు పొయ్యిలు, రెండు కూరలు.

మా అమ్మ గంప దించింది అప్పుడే. నేను ఇంటర్లో చేరింది కూడా ఆ పొయ్యి మీదే. మా నాన్న "ఆడగుంటకి ఇంక సాలు సదువు" అన్నాడొకపాలి. తాత దగ్గర అనకూడని మాటే అనేసేడు పాపం.

"సాలా అనకూడదురా. నీకు ఎన్నిసార్లు సెప్పేను?"

ఆ రోజునుంచీ ఆయన నన్ను పేరుతో పిలవలేదు. "ఒసే డిగ్రీ! నీల్లట్టుకురా. ఒసే డిగ్రీ! ఉప్పు సూడు." పల్లె పల్లెంతా అదే పిలుపైపోయింది. నాకు సిగ్గు చచ్చిపోయేది.

"ఇంకా ఇంటరే తాతా! పిలవకు అలగ, అందరూ నవ్వుతన్నారు."

"పేరు ముందెల్లిపోయింది. ఎనకాల నువ్వు బేగి రా."

పోయిన యేడు వేసంకాలంలో, మధ్యాన్నం లైను అయిపోయేక, ఎప్పటిలాగే అందరికన్నా ఆఖర్న నిలబడి తిని, మంచం మీద నడుం వాల్చేడు. మళ్ళీ లేవలేదు. విజిలు మేకుకి తగిలించే ఉన్నాది.

దహనానికి ఆయన ఊరోళ్ళూ మా పల్లెవోళ్ళూ క్యాంపు కుర్రాళ్ళూ అందరూ వచ్చేరు. దినాలయ్యేక క్యాంపు సారు వచ్చి మెల్లగా అన్నాడు. "ఆయన మాట మీద ఇచ్చేం అమ్మా. మీరు నడపగలరో లేదో ఈ వానాకాలం వరకూ చూస్తాం." తప్పు పట్టలేం, ఆయన భయం ఆయనది. మా పల్లెలోనైతే, మిలట్రీ పోయేడు, ఇంక పొయ్యి ఆరిపోద్ది అని అప్పుడే అనేసుకున్నారు. పొయ్యి ఆరితే అమ్మ మళ్ళీ గంపెత్తాల. నేను రాజాం హాస్టలు ఖాళీ చేసి రావాల. డిగ్రీ అన్న పిలుపు వట్టి వెక్కిరింతగా మిగిలిపోద్ది.

దసరా వెళ్ళేక వచ్చింది తుపాను.

హాస్టలు మూసేస్తే ఇంటికొచ్చేను. రాత్రంతా అందరం షెల్టర్లో ఉన్నాం. తెల్లారేసరికి గాలి తగ్గింది. ఆడోళ్ళందరం ఐసు గోడౌనుకి వెళ్ళేం. బియ్యం ఉన్నాది, అంబలికి చోడిపిండి, అదే రాగిపిండి, ఉన్నాది, తాత పొడిగా దాచమని నేర్పిన కట్టెలున్నాయి. అంబలి ఉడికింది. అయినా అందరూ చేతులు కట్టుకుని నిలబడిపోయేరు. ఎందుకంటే విజిలూదితేనే కదా మొదలు. నూకాలు పిన్ని మేకుమీద విజిలు తీసి ఊదింది. ఫుస్సుమని గాలొచ్చింది. ఇంకోపాలి ఊదింది. తుంపర్లొచ్చేయి. ఎవరికీ నవ్వు రాలేదు.

అమ్మ ఆ విజిలు తీసుకుని, కొంగుతో తుడిచి, మళ్ళీ మేకుకే తగిలించేసింది. గుమ్మంలోకి వెళ్ళి, చెయ్యి చెవి దగ్గర పెట్టుకుని, ఇన్నేళ్ళ నుంచీ గొంతులో ఉండిపోయిన గంప నాటి కేక ఎత్తింది. ఒకప్పుడు "సేపలోయ్" అని మూడు వీధులవతల ఇల్లాలిని బయటకి లాగిన కేక అది.

"అంబలోయ్! యేడి యేడి అంబలోయ్! రండోయ్!"

ఓలమ్మో, ఆ కేక! షెల్టరు మెట్లమీద నుంచి జనం దిగిపోయేరు. ఎవరూ చెప్పకుండానే లైను కట్టేరు.

సగం లైను అయ్యేసరికి రోడ్డు మీద క్యాంపు కుర్రాళ్ళు కనబడ్డారు. షెడ్ల రేకులు లేచిపోయేయట. నెత్తిన పిండి బస్తాలు పెట్టుకుని, తడిసిపోయి, దూరంగా ఆగిపోయేరు. లైన్లోంచి ఎవరో, "మనకే సాలదు, ఈల్లు కూడానా?" అన్నారు.

అమ్మ గరిటె ఆపింది. "ఎవుడ్రా ఆ మాటన్నాది? ఈల్ల కూటి మీదే గదరా మన పొయ్యి ఎలిగింది? లైనొకటే. రండి బాబూ, రండి."

వాళ్ళు అంబలి తాగేరు. ముఖాలు చిట్లించుకునే తాగేరనుకోండి. తాగేక ఊరికే కూర్చోలేదు, మోసుకొచ్చిన పిండి కలిపి రొట్టెలు చెయ్యడం మొదలెట్టేరు. అంబలి అడుగంటే వేళకి రొట్టెలు అందుకున్నాయి. మా నాన్న వరస మళ్ళీ వచ్చింది. చేతిలో రొట్టె పడింది. విరిచి నోట్లో పెట్టుకున్నాడు.

"జొరమేటి నాన్నా?" అన్నాను ఉండబట్టలేక.

"జొరం నేదే, ఆకలే. ఇంకోటెట్టు."

వడ్డించే మా అందరి నోటా ఒకటే మాట నడుస్తంది. ఇంకా? ఇంకా? ఇంకా? ఒక్కరి నోట్లోంచి కూడా సాలా అన్న మాట రాలేదు.

మర్నాడు సారు వచ్చేడు. క్యాంపులో ఒక్కడు కూడా పస్తు లేడని ఆయనకి అప్పటికే తెలిసిపోయింది. గుండిగలు తోమి బోర్లిస్తన్నాం. అమ్మ ఒక గుండిగ ఎత్తి, వంగి, లోపలికి చూసింది. చాలాసేపు చూసింది. తాత మీసం కోసం వెతుకుతందనుకున్నాను. అమ్మ తలెత్తేసరికి నవ్వుతంది.

"నా ముక్కుపుడక కనబడతంది. పాసు!"

ఆ తర్వాత మూసెయ్యడం గురించి ఎవరూ మాట్లాడలేదు. కొత్తవలసలో రైలు పనులోళ్ళ కోసం ఇంకో పొయ్యి కూడా వెలిగించేం. అక్కడ ఇప్పుడు నూకాలు పిన్నే పెత్తనం. తనకి రొట్టె గుండ్రంగా రావట్లేదని ఇప్పటికీ ఎవరైనా అంటే, "పీతలు కావాలని సేస్తన్నాను" అంటాదట.

ఈవాళ సంగతికి వస్తాను. రాజాంలో బస్సెక్కి, విజీనారంలో మారి, ఆటోలో వేలాడతా పల్లెలో దిగేసరికి మధ్యాన్నం లైను నడుస్తంది. నేను ఫోన్లో చెప్పలేదు. పరిగెత్తుకుంటా లైను పక్కనుంచి తిన్నగా అమ్మ దగ్గరకి వెళ్ళిపోబోయేను.

"ఏటే, నువ్వు వేరేనా? లైనెక్కడుందో తెల్దా?" అన్నాది అమ్మ, తలెత్తకుండానే.

"అమ్మా, నేను..."

"లైను!"

పోయి ఆఖర్న నిలబడ్డాను. లోపల పగిలిపోతన్నాను. నా ముందు ఒరిస్సా కుర్రాడు, వాడి ముందు మా నాన్న. మేకుకి విజిలు వేలాడతంది. ఒక్కో అడుగూ వేసుకుంటా పొయ్యి దగ్గరకి వచ్చేను. అమ్మ గరిటెతో అన్నం తీసి నా పళ్ళెంలో వేసింది. అప్పుడు చెప్పేను.

"పాసయ్యేనే అమ్మా. ఫస్ట్ క్లాసు. డిగ్రీ అయిపోయింది."

అమ్మ గరిటె గాల్లోనే ఉండిపోయింది. మా నాన్న తింటన్నవోడు ఎంగిలి చేత్తోనే లేచి నిలబడ్డాడు. నిలబడి, తాత లాగే, పల్లె అంతా వినబడేలాగ అరిచేడు.

"ఒసే డిగ్రీ!"

ఇన్నేళ్ళ నుంచీ ఆ పిలుపుకి తలొంచుకున్న దాన్ని, ఈ ఒక్కసారి "ఆఁ!" అని పలికేను. గోడౌను దద్దరిల్లిపోయింది.

అమ్మ కొంగుతో కళ్ళు తుడుచుకుంది. మళ్ళీ గుండిగలోకి గరిటె ముంచింది. నా పళ్ళెంలో ఉన్నదానికే చోటు లేదు. అయినా నా కళ్ళలోకి చూసి అడిగింది.

"ఇంకా?"

పళ్ళెం ముందుకి చాపేను.

"ఇంకా."